నరసన్నపేటకు తిరిగిచ్చిన గోల్

2017 నవంబరు. వానలు వెనకబట్టి పది రోజులైంది. శ్రీకాకుళంలో ఒక కాలేజీ గ్రౌండు. గోల్ పోస్టుల ముందు మట్టి ఇంకా ఆరలేదు, మధ్యలో గడ్డి మాత్రం బాగా పట్టి ఉంది. మా రెండు జిల్లాల అమ్మాయిల జట్లకు పెట్టిన ఫుట్‌బాల్ టోర్నమెంటులో ఆ రోజు ఫైనల్. విజయనగరం జట్టుకీ నరసన్నపేట జట్టుకీ మధ్య ఆట. రిఫరీని నేను.

నేను హైస్కూల్లో వ్యాయామ ఉపాధ్యాయుణ్ణి. సెలవు రోజుల్లో రిఫరీ పని చేయడం మొదలుపెట్టి ఇరవై ఏళ్ళు దాటింది. రిఫరీ అంటే విజిల్ ఊదేవాడని అందరికీ తెలుసు. ఆ పనిలో సగం కాగితం మీద జరుగుతుందని చాలామందికి తెలియదు. మ్యాచ్ అయిన రోజే మేము మ్యాచ్ రిపోర్టు రాసి ఇవ్వాలి. ఎవరు గోల్ కొట్టారు, ఎవరికి కార్డు చూపించాం, ఎవరికి దెబ్బ తగిలింది, మామూలుగా జరగనిది ఏమైనా జరిగిందా, ఇవన్నీ అందులో ఉంటాయి. తర్వాత ఏ గొడవ వచ్చినా ఫుట్‌బాల్ అసోసియేషన్ వాళ్ళు ముందు తీసేది ఆ కాగితమే. రిఫరీ రాసిందే జరిగినట్టు. నేను ఇప్పటికి కొన్ని వందల రిపోర్టులు రాశాను. వాటిలో ఒకటి అబద్ధం. ఆ ఒక్కదాని వల్ల ఒక మంచి కోచ్ మన ప్రాంతం వదిలి వెళ్ళిపోయాడు.

ఆయన పేరు ఇషిమోరి. జపాన్ దేశస్థుడు. విజయనగరంలో ఒక ట్రస్టు ఆడపిల్లల కోసం ఫుట్‌బాల్ హాస్టల్ నడిపేది. ఫైనల్‌కి ఏడాదిన్నర ముందు ఆయన అక్కడ కోచ్‌గా చేరాడు. అప్పటికి నలభై నాలుగేళ్ళుంటాయి. సన్నగా, పొడుగ్గా ఉండేవాడు. కుడి కనుబొమ్మను రెండుగా చీలుస్తూ ఒక మచ్చ. పిల్లలు ఆయన్ని 'ఇషి సార్' అనేవారు. ఆయనకి తెలుగు నేర్పింది కూడా ఆ పిల్లలే కాబట్టి ఆయన తెలుగు పుస్తకాల తెలుగు కాదు, అచ్చంగా మనదే. నేను మొదటిసారి ప్రాక్టీసు మ్యాచ్‌కి రిఫరీగా వెళ్ళినప్పుడు చెయ్యి కలిపి, "ఏటి సార్, బస్సులో సీటు దొరికిందా?" అన్నాడు. నాకు నవ్వాగలేదు.

నెలకు ఒకటి రెండుసార్లు అలా వెళ్ళేవాణ్ణి. ఆట అయ్యాక గ్రౌండు బయట టీ కొట్టు దగ్గర కూర్చునేవాళ్ళం. ఆయన ఆడిన రోజుల కథ అక్కడ ముక్కలు ముక్కలుగా విన్నాను.

జపాన్ ఉత్తర భాగంలో మంచు కురిసే ఒక రేవు ఊరు ఆయనది. తండ్రి చేపల పడవ మీద వంటవాడు. పదిహేనో ఏట ఇల్లు వదిలి, ఫుట్‌బాల్‌కి పేరున్న ఒక హైస్కూల్లో చేరాడు. అక్కడ ఆడే పిల్లలే వందమందికి పైగా. జట్టులోకి పదకొండు మందే కదా. మిగతావాళ్ళు మ్యాచ్ రోజున గ్యాలరీలో నిలబడి తమ స్కూలు కోసం పాటలు పాడాలి, డోలు కొట్టాలి. మూడేళ్ళూ ఈయన డోలు కొట్టాడు. "ఫుట్‌బాల్‌లో నా మొదటి పొజిషన్ డోలు" అని చెప్పి, టీ బల్ల మీద రెండు వేళ్ళతో వాయించి చూపించేవాడు.

స్కూలయ్యాక ఒక కాగితం మిల్లులో చేరాడు. ఆ మిల్లుకి జట్టు ఉండేది. పొద్దున షిఫ్టు, సాయంత్రం ఆట. అక్కడ స్టాపర్‌గా కుదురుకున్నాడు. స్టాపర్ అంటే గోల్ ముందు నిలబడి, వచ్చే బంతినల్లా తలతోనో కాలితోనో బయటకు పంపే డిఫెండరు. ఇరవై నాలుగో ఏట, ఆ దేశపు రెండో డివిజన్‌లో ఆడే ఒక క్లబ్బు ఆయన్ని తీసుకుంది. కొన్నేళ్ళకి ఆ క్లబ్బు పై డివిజన్‌కి ఎక్కింది. ఆ ఒక్క సీజను ఆయన పెద్ద స్టేడియాల్లో ఆడాడు. మరుసటి ఏడు క్లబ్బు కిందికి దిగిపోయింది. అక్కణ్ణుంచి థాయిలాండ్ వెళ్ళి ఇంకో రెండేళ్ళు ఆడాడు. "జపాన్‌లో వీధిలో నడిస్తే నన్ను ఎవరూ గుర్తు పట్టరు సార్. విజయనగరంలో ఆటోవాళ్ళందరికీ తెలుసు" అనేవాడు. అందులో బాధేమీ వినపడేది కాదు.

ఆట ఎలా ఆగిపోయిందని ఒకరోజు నేనే అడిగాను. ఆయన కనుబొమ్మ మీది మచ్చ చూపించాడు. థాయిలాండ్‌లో ఒక మ్యాచ్‌లో ఎదుటివాడి తల తన తలకి కొట్టుకుంది. పడిపోయాడు, లేచాడు. ఎవరూ ఆట ఆపలేదు. చివరిదాకా ఆడాడు. "ఆ మ్యాచ్ నాకు గుర్తు లేదు. వీడియోలో సూశాను. బాగానే ఆడాను" అని నవ్వాడు. తర్వాత రెండు వారాలకు మళ్ళీ దెబ్బ తగిలింది. ఆపైన ఏడాది పాటు ఏది చూసినా రెండుగా కనపడేదట. ముప్ఫై ఒకటో ఏట బూట్లు విప్పేశాడు. తలకి తగిలిన దెబ్బకి మెదడు అదిరితే కంకషన్ అంటారు. బయటికి రక్తం కనపడదు, మనిషి లేచి నడుస్తాడు కూడా, కానీ వెంటనే కూర్చోబెట్టకపోతే ప్రమాదం. ఈ సంగతి నేను రిఫరీ కోర్సుల్లో కంటే ముందు ఆ టీ కొట్టు దగ్గర తెలుసుకున్నాను. ఈ మాట గుర్తుంచుకుని మిగతాది చదవండి. తెలియక చేశానని చెప్పుకునే అవకాశం నాకు లేదు.

ఆట మానేశాక చిన్న పిల్లలకు, ఆపైన ఒక యూనివర్సిటీ ఆడపిల్లల జట్టుకు నేర్పి, పరీక్షలు రాసి కోచింగ్ లైసెన్సులు తెచ్చుకున్నాడు. నేను చాలామంది కోచ్‌లను చూశాను. గట్టిగా అరిచేవాళ్ళను, కొట్టేవాళ్ళను కూడా. ఈయన నేర్పే పద్ధతి వేరు. బంతి అందుకోబోయే పిల్ల వెనక నిలబడి చేతివేళ్ళు ఎత్తేవాడు. బంతి కాలికి తగిలేలోపు ఆ పిల్ల వెనక్కి ఒకసారి చూసి ఎన్ని వేళ్ళో చెప్పాలి. దీన్ని స్కానింగ్ అంటారు, బంతి రాకముందే చుట్టూ ఎవరున్నారో చూసుకోవడం. గ్రౌండంతా ఆయన గొంతు ఒకే మాట: "సూడు, సూడు, ముందు సూడు." మూడు నెలల్లో ఆ పిల్లలు వెనక కూడా కళ్ళున్నట్టు ఆడటం మొదలుపెట్టారు. వాళ్ళలో చాలామంది హాస్టల్‌కి వచ్చేదాకా బంతి ముట్టుకోనివాళ్ళు.

ఇంకొక నియమం పెట్టాడు. ఎవరి తలకి దెబ్బ తగిలినా, చూసినవాళ్ళు 'తల' అని అరవాలి. ఆ మాట వినపడగానే అందరూ ఎక్కడివాళ్ళక్కడ నేల మీద కూర్చోవాలి. గోల్ కొట్టబోతున్నా సరే. మొదట్లో పిల్లలు ఆటపట్టించడానికి ఊరికే అరిచేవారు. ఆయన ప్రతిసారీ తనూ కూర్చునేవాడు, కోప్పడేవాడు కాదు. కొన్నాళ్ళకి వాళ్ళే మానేశారు.

ఇక ఫైనల్ రోజు.

ఆట మొదలుకాక ముందు రిఫరీ రెండు జట్ల బూట్లు తనిఖీ చేయాలి. నరసన్నపేట పిల్లల్లో ఇద్దరి బూట్లు అడుగు ఊడిపోయి తాడుతో కట్టి ఉన్నాయి. ఈ బూట్లతో ఆడనివ్వనని చెప్పాను. వాళ్ళ డ్రిల్ మాస్టారు తలపట్టుకున్నాడు. నేనే ఇషిమోరి దగ్గరకు వెళ్ళి, మీ దగ్గర అదనంగా ఉన్నాయా అని అడిగాను. ఆయన సంచిలోంచి రెండు జతలు తీసి, ఆ పిల్లల పాదాల కొలత చూసి, లేసులు కట్టి మరీ ఇచ్చాడు.

ఆ రోజు గ్రౌండు అవతల కుర్చీలో అసెస్సర్ కూర్చున్నాడు. రిఫరీలకు మార్కులు వేసే పెద్ద రిఫరీని అసెస్సర్ అంటారు. పై స్థాయి రిఫరీ పరీక్షకు నా పేరు పంపాలా వద్దా అన్నది ఆయన చేతిలో ఉంది. సెమీ ఫైనల్ తర్వాత ఆయన నాతో ఒకే మాట అన్నాడు: "విజిల్ ఎక్కువ వేస్తన్నావు మాస్టారూ. ఆట సాగనివ్వు." నేను ఆ మాటను తలలో పెట్టుకుని గ్రౌండులోకి దిగాను.

డెబ్భై నిమిషాలకు స్కోరు చెరొక గోల్. ఈ టోర్నమెంటులో ఆట ఎనభై నిమిషాలే కాబట్టి ఇంకో పది నిమిషాలు మిగిలాయి. విజయనగరం వైపు నుంచి గోల్ ముందుకు ఎత్తుగా ఒక బంతి వచ్చింది. నరసన్నపేట డిఫెండరు రోహిణి, పదిహేనేళ్ళ పిల్ల, ఎగిరి తలతో కొట్టింది. అదే బంతి కోసం ఎగిరిన విజయనగరం పిల్ల తల ఆమె చెంపకి తగిలింది. చప్పుడు నాకు వినపడింది. నేను పన్నెండు గజాల దూరంలో ఉన్నాను. రోహిణి చేతులు అడ్డం పెట్టుకోకుండా పడింది. స్పృహ ఉన్నవాళ్ళు అలా పడరు. గీత అవతల నుంచి ఇషిమోరి "తల, తల" అని అరిచాడు. ఆయన పిల్లలు ముగ్గురు నలుగురు కూర్చుండిపోయారు.

రూలు ప్రకారం నేను ఆ క్షణమే ఆట ఆపాలి. విజిల్ నోట్లోనే ఉంది. బంతి ఇంకా ఆటలో ఉంది, స్కోరు సమానంగా ఉంది, అసెస్సర్ చూస్తున్నాడు. ఇంకొక్క రెండు సెకన్లు చూద్దాం అనుకున్నాను. ఊదలేదు.

నరసన్నపేట పిల్ల ఒకతి బంతిని తానే బయటకు తన్నేసింది, తన స్నేహితురాలికి ఎవరైనా సాయం చేస్తారని. త్రో విజయనగరానికి వచ్చింది. అలాంటప్పుడు ఫుట్‌బాల్‌లో ఒక మర్యాద ఉంది. రూల్ పుస్తకంలో ఉండదు కానీ ప్రపంచమంతా పాటిస్తారు. దెబ్బ తగిలినవాళ్ళ కోసం బంతి బయటకు తన్నిన జట్టుకే ఆ బంతిని తిరిగి ఇచ్చేస్తారు. అప్పుడైనా నేను ఆపి ఉండాల్సింది. రోహిణి చెయ్యి కదిలినట్టు కనపడి, త్రో వెయ్యమని సైగ చేశాను. విజయనగరం పిల్ల బంతిని నెమ్మదిగా నరసన్నపేట గోల్‌కీపర్ వైపు విసిరింది. ఆ గోల్‌కీపర్ పడి ఉన్న రోహిణిని చూస్తోంది. ఈలోగా లావణ్య అనే పిల్ల పరుగున వచ్చి ఆ బంతి అందుకుని నెట్‌లోకి కొట్టింది. లావణ్య హాస్టల్‌లో చేరి మూడు వారాలే అయింది. ఆమెకు ఈ మర్యాద సంగతి తెలియదు. రెండు చేతులూ ఎత్తి పరిగెత్తింది. ఆమె వెంట ఎవరూ పరిగెత్తలేదు.

రూల్ పుస్తకం ప్రకారం ఆ గోల్ చెల్లుతుంది. ఇచ్చాను. రెండు-ఒకటి.

ఇషిమోరి నా మీదికి రాలేదు. గీత దగ్గరే ఆగి, లోపలికి రావచ్చా అని అడిగాడు. సరేనన్నాను. నేరుగా రోహిణి దగ్గరకు వెళ్ళి పక్కన మోకాళ్ళ మీద కూర్చుని మూడు వేళ్ళు చూపించాడు. ఆ పిల్ల ఐదు అంది. ఆయనా డ్రిల్ మాస్టారూ కలిసి ఆమెను మెల్లగా బయటకు తీసుకెళ్ళి పడుకోబెట్టారు. తర్వాత తన కెప్టెన్‌ని పిలిచాడు. నేను పక్కనే ఉన్నాను కాబట్టి ఆ మాటలు విన్నాను.

"గోల్ తిరిగి ఇచ్చేయండి."

"ఎందుకు సార్? రిఫరీ సార్ గోలిచ్చారు గదా."

"ఆయన ఇచ్చారు. మనం తీసుకోలేదు."

ఆ పిల్ల వెళ్ళి మిగతావాళ్ళకి చెప్పింది. ఆట మొదలవగానే విజయనగరం పిల్లలంతా నిలబడిపోయారు. నరసన్నపేట ఫార్వర్డుకి ఏం జరుగుతోందో అర్థం కాలేదు. బంతితో నాలుగడుగులు వేసి ఆగి, నా వంక చూసింది. మళ్ళీ నడిచింది. గోల్‌కీపర్ కూడా పక్కకి తప్పుకుంది. బంతి నెట్‌లో పడింది. రెండు-రెండు.

గ్రౌండు చుట్టూ నాలుగైదు వందల మంది ఉంటారు. వాళ్ళలో ఎవరో, "ఈ జపానాయన నర్సన్నపేట అల్లుడేటిరా" అన్నారు. అందరూ గొల్లుమన్నారు. మన దగ్గర ఊళ్ళలో జరిగే పందెం ఆటల్లో చుట్టాల జట్టుని గెలిపించడం, ముందే మాట్లాడుకుని ఓడిపోవడం చూసి చూసి ఉన్నాం. ఎవరైనా ఊరికే గోల్ వదిలేస్తే దాని వెనక ఏదో ఉందని వెతకడం మనకి అలవాటు. ఆ నవ్వు సాయంత్రానికి అనుమానమైంది.

లావణ్య గీత దగ్గర ఏడుస్తోంది. ఇషిమోరి వంగి ఆమెతో చెప్పిన మాట కూడా విన్నాను. "గోల్ బాగుంది. అది నీ తప్పు కాదు, నేను సెప్పనేదు. ఇంకో రోజు ఇలాగే కొట్టు."

పెనాల్టీలలో నరసన్నపేట గెలిచింది. రాష్ట్ర శిబిరానికి వాళ్ళు ఎంపికయ్యారు. ఇషిమోరి బహుమతుల దాకా ఉండలేదు, రోహిణిని ఎక్కించిన ఆటో వెనకే ఆసుపత్రికి వెళ్ళిపోయాడు.

కాలేజీ స్టాఫు గదిలో రిపోర్టు రాయడానికి కూర్చున్నాను. ట్రస్టు కార్యదర్శి వచ్చాడు. కప్పు తెస్తామని ఊరి పెద్దలకు ముందే మాటిచ్చి ఉన్నాడాయన. ముఖం ఎర్రగా ఉంది. ఇషిమోరి ఆట అమ్మేశాడనీ, పొద్దున ఎదుటి జట్టుకి బూట్లు ఇచ్చినప్పుడే తనకి అనుమానం వచ్చిందనీ అన్నాడు. "మీరు సూసినదే రాయండి మాస్టారూ. మాకేటీ వొద్దు" అన్నాడు. ఎదురుగా అసెస్సర్ టీ తాగుతూ ఉన్నాడు.

బూట్లు నేనడిగితే ఇచ్చాడని చెప్పడానికి ఒక్క వాక్యం చాలు. చెప్పలేదు. తలకి దెబ్బ తగిలిందని రాస్తే, మరి నువ్వు ఎందుకు ఆపలేదన్నదే మొదటి ప్రశ్న అవుతుంది. అందుకని ఇలా రాశాను: 'నరసన్నపేట క్రీడాకారిణి స్వల్పంగా జారిపడినది. తీవ్రమైన గాయమేదీ గమనించలేదు. విజయనగరం జట్టు కోచ్ ఆదేశం మేరకు క్రీడాకారిణులు ఆడటం మాని ప్రత్యర్థికి గోల్ ఇచ్చినారు. ఇది ముందుగా అనుకొని చేసినట్లు తోచుచున్నది.' ఆ చివరి వాక్యం నన్నెవరూ అడగలేదు. నేనే కలిపాను. ఎందుకు కలిపానంటే, అందరూ ఆయన వైపు చూస్తుంటే నా వైపు చూడరని.

రెండు వారాలకి విచారణ జరిగింది. ముగ్గురు సభ్యులు, ఒక పక్క నేను, ఎదురుగా ఇషిమోరి. గోల్ ఎందుకు ఇచ్చారని అడిగారు. తన పిల్లకి ఆ మర్యాద తాను నేర్పలేదనీ, నేర్పకపోవడం వల్ల వచ్చిన గోల్ తన జట్టుది కాదనీ చెప్పాడు. బూట్ల సంగతి అడిగారు. "వాళ్ళకి నేవు, నా దగ్గర ఉన్నాయి" అన్నాడు. ఎవరు అడిగారో చెప్పలేదు. ఆఖరున ఛైర్మన్ నా రిపోర్టు చదివి, దెబ్బ తీవ్రమైనది కాదని రిఫరీ రాశారు, మీరేమంటారని అడిగాడు.

ఇషిమోరి నా వైపు చూశాడు. ఎక్కువసేపేమీ కాదు. తర్వాత ఛైర్మన్‌తో, "రిఫరీ నిర్ణయం మీద కోచ్ మాట్లాడకూడదు. నా పిల్లలకి అదే సెప్పాను" అన్నాడు.

ఏడాది పాటు రాష్ట్రంలో ఏ జట్టుకీ కోచ్‌గా ఉండకూడదని ఉత్తర్వు వచ్చింది. అప్పటికే రాష్ట్ర బాలికల జట్టుకి ఆయన్ని కోచ్‌గా తీసుకోవాలని మాటలు నడుస్తున్నాయి. అవి ఆగిపోయాయి. ట్రస్టు ఆయన ఒప్పందం పొడిగించలేదు. వెళ్ళిపోయే ముందు ఒకసారి బస్టాండులో ఎదురుపడ్డాడు. తప్పించుకుందామనుకున్నాను, ఆయనే దగ్గరికి వచ్చాడు. "మీ పరీక్ష ఎప్పుడు సార్? బాగా రాయండి" అన్నాడు. వెటకారం కాదు. ఆయనకి వెటకారం రాదు.

పరీక్ష రాశాను, పాసయ్యాను. తర్వాత పెద్ద మ్యాచ్‌లకి వెళ్ళాను. ఈ మధ్య కొత్త రిఫరీలకు పాఠాలు చెప్పే పని కూడా నాకు ఇచ్చారు. అందులో ఒక గంట పాఠం తలదెబ్బల గురించే. ఏ సందేహం ఉన్నా ఆట ఆపెయ్యాలి, బంతి ఎక్కడున్నా, స్కోరు ఎంతున్నా. పోయిన ఏడాది ఆ పాఠం చెప్తుంటే పాలకొండ వైపు నుంచి వచ్చిన ఒక అమ్మాయి లేచి, "మీరెప్పుడైనా ఆపకుండా వొదిలీసారా సార్?" అని అడిగింది. లేదమ్మా అన్నాను. ఆ అమ్మాయి దాన్ని నోట్సులో రాసుకుంది. నేను చెప్పిన అబద్ధం మళ్ళీ ఒక కాగితం మీదికి ఎక్కడం నా కళ్ళతో చూశాను.

ఆ వారంలోనే అసోసియేషన్‌కి ఉత్తరం రాశాను. ఫలానా రిపోర్టు తప్పు, నేను వెనక్కి తీసుకుంటున్నాను అని. వాళ్ళు ఫోను చేసి, ఆ ఫైలు ఎప్పుడో మూసేశాం, ఇప్పుడెందుకు మాస్టారూ తవ్వుకోవడం అన్నారు. అప్పుడు పాత హాస్టల్ పిల్ల ఒకతిని పట్టుకుని ఇషిమోరి ఈమెయిల్ సంపాదించాను. జరిగిందంతా రాసి క్షమించమని అడిగాను.

నాలుగో రోజు జవాబు వచ్చింది. తాను ఇప్పుడు లావోస్‌లో ఆడపిల్లల జట్టుకి కోచ్‌గా ఉన్నానని, మోకాళ్ళు నొప్పి పెడుతున్నాయని రాశాడు. నా తప్పు గురించి ఒక్క మాట లేదు. చివర ఇలా ఉంది: 'రోహిణి ఎలా ఉంది? మీరు చూశారా? నాకు రెండేళ్ళుగా కబురు లేదు.'

నేను చూడలేదు. ఇన్నేళ్ళలో ఒక్కసారి కూడా చూడలేదు. నా బాధంతా నా రిపోర్టు గురించీ, ఆయన పోయిన ఉద్యోగం గురించీ. పడిపోయిన పిల్ల ఏమైందన్న ప్రశ్న నాకు రానే లేదు.

ఆదివారం నరసన్నపేట వెళ్ళాను. ఆ పాత డ్రిల్ మాస్టారే దారి చెప్పాడు. రోహిణి మెయిన్ రోడ్డు మీద కళ్ళజోళ్ళ దుకాణంలో పనిచేస్తోంది. ఒక ముసలాయనకి కొత్త జోడు పెట్టి, చెవుల దగ్గర సరిచేస్తోంది. నేను ఫలానా అని చెప్పగానే గుర్తు పట్టింది. కూర్చోమని కుర్చీ వేసింది.

ఆ దెబ్బ తర్వాత నాలుగు నెలలు తలనొప్పి, వెలుతురు చూస్తే వాంతులు. ఆ ఏడు పదో తరగతి పరీక్షలు రాయలేకపోయింది. మళ్ళీ ఆటలోకి దిగలేదు. ఇవన్నీ ఆమె నాకు ఇంకెవరి సంగతో చెప్తున్నట్టు చెప్పింది. జపాన్ సార్ వెళ్ళిపోయేలోపు నాలుగుసార్లు వాళ్ళ ఇంటికి వచ్చాడట. ఫోను చూడకూడదని, చదవకూడదని, రోజుకి ఎంత దూరం నడవాలో ఒక కాగితం మీద బొమ్మలు గీసి ఇచ్చాడట. వాళ్ళమ్మ పెట్టిన చల్దన్నం ఉల్లిపాయ కొరుక్కుంటూ తిన్నాడట.

"మా నాన్న ఒకసారి గట్టిగానే అడిగారు సార్. అంత దెబ్బ తగిల్తే రిఫరీ ఏటి సేస్తన్నాడు, ఎందుకు ఆపనేదు అనీసి. ఇషి సారేమో, రిఫరీ దూరంగా ఉన్నాడు, ఆయనకి కనపడనేదు అన్నారు."

నేను లేచి నిలబడ్డాను. ఎందుకు లేచానో తెలియదు.

"కనపడిందమ్మా" అన్నాను. "దగ్గరే ఉన్నాను. చప్పుడు కూడా విన్నాను. చూసే ఊదలేదు."

ఆమె చేతిలో ఉన్న గుడ్డతో కళ్ళజోడు అద్దం తుడుస్తూ ఉండిపోయింది. ముసలాయన ఇద్దరి వంకా చూశాడు.

"మరి ఆయన్ని పంపించీసిన కాయితంలో ఏటి రాసారు?" అని అడిగింది.

చెప్పాను. ఏమీ దాచలేదు. జారిపడినది అన్న మాట దగ్గర ఆమె నవ్వింది. ఆ నవ్వు ఎలాంటిదో ఇక్కడ రాయలేను.

"నాకు సెప్తే ఏటి లాభం సార్" అంది చివరికి. "నాకేటి తెల్దా, నా తలే గదా. ఆ ఫైనల్ సూసినోళ్ళు ఇప్పుటికీ ఇషి సార్ మాకు అమ్ముడుపోయారనే అంటారు. మా జట్టు పిల్లలం ఎక్కడికెల్లినా కొన్న కప్పు అంటారు. అప్పుడు రాసినట్టే రాయండి. అందరూ సదివేటట్టు రాయండి."

నేను కొత్త రిఫరీలకు ఇప్పుడు రెండు సంగతులు చెప్తున్నాను. విజిల్ ఆలస్యమైతే ఒక మనిషికి దెబ్బ. రిపోర్టు అబద్ధమైతే ఆ దెబ్బ మీద ఇంకొకటి, అదీ ఆ గ్రౌండులో తప్పు చేయని వాళ్ళందరికీ. మొదటిది భయం వల్ల జరగవచ్చు. రెండోది కూర్చుని, కలం పట్టుకుని, ఆలోచించి చేస్తాం. పాలకొండ అమ్మాయికి కబురు పంపి, నోట్సులో రాసుకున్న నా జవాబు కొట్టెయ్యమన్నాను.

అసోసియేషన్ తీసుకోనన్న రిపోర్టు ఇది. రోహిణి అడిగినట్టు, అప్పుడు రాసిన పద్ధతిలోనే రాస్తున్నాను.

'డెబ్భై ఒకటో నిమిషంలో నరసన్నపేట క్రీడాకారిణి రోహిణికి తలపై తీవ్రమైన దెబ్బ తగిలినది. రిఫరీ పన్నెండు గజాల దూరంలో ఉండి చూసినాడు. ఆట ఆపలేదు. ఆ కారణంగా విజయనగరం జట్టుకు ఒక గోల్ వచ్చినది. ఆ జట్టు కోచ్ ఇషిమోరి ఎవరూ అడగకుండానే దానిని తిరిగి ఇప్పించినాడు. ఆటకు ముందు నరసన్నపేట వారికి ఆయన ఇచ్చిన బూట్లు రిఫరీ అడిగినందున ఇచ్చినవి. రెండు జట్ల మధ్య ఎటువంటి ఒప్పందమూ లేదు. కప్పు నరసన్నపేట వారు ఆడి గెలిచినది. తప్పు రిఫరీది.'